ఊఁ ఎట్ల కొట్టాలె

రాస్ అల్ ఖైమా బైపాసు మీద
వంతెన లేస్తున్న ఎండాకాలం.
అద్దం బిగించిన కర్ర పట్టుకొని నిలవడుడు నా పని.
దూరంగ మూడుకాళ్ల మిషన్లకెల్లి చూసి
నేనెక్కడున్ననో అంకెలల్ల రాసుకునేటోడు
ఇల్కో సారు.
బల్గేరియా ఆయనది.
అది ఏ దిక్కుకుంటదో నాకిప్పటికీ తెల్వది.
కథల తొవ్వల పోతే మాత్రం
మా ధర్మపురి కాడ గోదారి దాటినంక వచ్చే ఊరే.

పన్నెండున్నర. నీడ బూట్ల కిందికి దూరే యాళ్ల.
పని బందు.
కంటెయినరు గోడకు వీపులానిచ్చి
సగం ఇంగ్లీషు, సగం చేతులు:
"ఇమాలొ ఎద్నొ వ్రేమె..."
ఒక కాలం ఉండేదట.
రాజు కంటె ముందు కాలం పుడుతది వాళ్లకు.

ఊఁ అని తలూపిన.
ఆయన ఆగిపోయిండు.
మల్ల మొదలువెట్టిండు, మల్ల ఊపిన, మల్ల ఆగిండు.
మూడోనాడు తెలిసింది,
వాళ్ల దేశంల తల కిందికీ మీదికీ ఊపితె కాదని,
అడ్డంగ తిప్పితె ఔనని!
మూడు పగళ్లు ఓ రాజుకొడుకును
గడపల్నే నిలవెట్టిన నేను.

అటెన్క ఒకదాని తోక వట్టుకొని ఒకటి వచ్చినయ్.
రెక్కల పాము మనసువడ్డ పిల్ల
పసుప్పచ్చగ వాడిపోతదట.
అడివిల రాత్రి ఆడే కన్నెల తెల్లంగి దాస్తె
ఇంటెనక వస్తరట, అంగి దొరికిననాడు ఉండరు.
అట్టపోయిన పుస్తకముండె, అండ్లయి చిన్నకథలు:
ముసలెద్దును అంగట్ల అమ్మొచ్చినోడు
పలుపుతాడు చేతికి చుట్టుకొని రాత్రంత మేల్కుంటడు.
తర్వాత? అన్న.
తర్వాత తెల్లారింది, అన్నడు.

ఆఖరుది మేస్త్రీలది.
పగలు కట్టిన వంతెన రాత్రి కూలుతది.
తొవ్వంట పోయేటోని నీడను దారంతోని కొలిచి
ఆ దారం పునాదిల పెడితె నిలుస్తది.
నీడ పోయినోడు
నలబై దినాలు.

ఆ మాపటికి నీడలు సాగినయ్.
సారు నవ్వుకుంట సుతిలి తీసిండు.
నా బూటు కాడ ఒక కొస, ఇసుకల నా తల కాడ ఒక కొస.
పదకొండడుగులు.
"భయమా?"
ఎటు తలూపాల్నో తెల్వక
నోటితోనే ఊఁ అన్న.
దారం కోసి, చుట్టి, నా అంగీ జేబుల పెట్టిండు:
"నీ తాననే ఉండనియ్."

వంతెన నిలవడ్డది. లారీలు పోతున్నయ్.
ఎవ్వని నీడో నేనడగలే.
మా రూముల అఖిలేశ్వర్ మంచం
రంజాన్ నెల సంది ఖాళీ.

ఇది ముందుమాట అనుకోండ్రి.
ఆ కథలు మీ దాక వస్తె
తల కదపకుండ్రి.
జేబు ఒక్కసారి తడుముకొని
ఊఁ అనుండ్రి.