ముప్పయ్యో గజం దగ్గర

శనివారం ఆటకి శుక్రవారం గీతలు.
ఇరవై రెండేళ్లుగా ఇదే నా పని:
అయిదు గజాలకొకటి,
సున్నపు బండి తోసుకుంటూ
వెనక్కి చూడకుండా నడవడం.
చూశావా, గీత వంకరపోతుంది.

నేర్పింది థైరా లోకెన్.
నలభై మూడులో ఆమెకి పంతొమ్మిదేళ్లు.
ఆడే కుర్రాళ్లంతా యుద్ధానికి పోయారు,
గోల్‌పోస్టులు కోసి తుక్కుబండి కెక్కించారు.
తూర్పు గ్యాలరీ కింద మూడంతస్తుల మంచాలు.
నౌకాదళం పిల్లలు మూడొందల మంది
సముద్రం మొహం చూడని ఈ అయోవాలో
సిమెంటు మెట్ల కింద
ఓడలో పడుకోవడం నేర్చుకున్నారట.

మైదానం దున్నేశారు.
"మొదటి చాలు నాదే" అనేది థైరా,
సాక్ష్యంగా అరచెయ్యి చూపించి.
నడిగీత మీద క్యాబేజీ,
అవతలి సగమంతా బంగాళాదుంపలు.

ఆ పిల్లల్లో ఒకడు, డెల్బర్ట్ క్వామె,
సాయంత్రాలు ఆమె పక్కన మోకాళ్ల మీద కూచుని తవ్వేవాడు.
"ఇవాళ పన్నెండు గజాలు గెలిచాం" అనేవాడు.
అక్టోబరులో ఓడెక్కాడు.
ఆ తర్వాతది ఆమె చెప్పలేదు.
ఉత్తరపు గేటు దగ్గర ఇత్తడి పలక మీద
నలభై ఒక్క పేర్లున్నాయి.
నేను వెతికాను. అతనిది లేదు.
అవి కాలేజీ పిల్లల పేర్లు;
మెట్ల కింద పడుకున్నవాళ్లు
కాలేజీ వాళ్లు కారు కదా.

యుద్ధమయ్యాక గడ్డి పరిచారు.
అయినా ఏటా తొలి ఆట నాటికి
ముప్పయ్యో గజం దగ్గర
గడ్డి చీల్చుకుని ఒక దుంప మొక్క.
"దీని దుంప తెగ, చావదే!" అన్నాను
పనిలో చేరిన ఏడు.
థైరా నవ్వలేదు.
అక్కడ జానెడు గీత వదిలేసి
బండి ముందుకి తోసింది.
రిఫరీ అడిగితే
సున్నం అయిపోయిందంది.

మా నాన్న రైతు.
అన్నేళ్లు మట్టిలో దుంప బతకదని నాకు తెలుసు.
అన్నానా? అనలేదు.

థైరా పోయి ఆరేళ్లు.
మొక్క మాత్రం వస్తూనే ఉంది.
జూన్‌లో వంటింటి సంచిలో ఒక దుంప తగ్గితే
మా ఆవిడ లెక్కడగదు.

వచ్చే వేసవికి ప్లాస్టిక్ గడ్డి వేస్తారట.
గీతలు ఫ్యాక్టరీలోనే అద్దుకొస్తాయట,
వంకర లేకుండా, ఖాళీ లేకుండా.
కొత్త మేనేజరు కుర్రాడు మంచివాడే,
ఇందాక వచ్చి నిలబడ్డాడు.
"ఇక్కడ గీత తెగిందేం?" అన్నాడు.

సున్నం అయిపోయింది, బాబూ.