కెరటానికి ఎక్కిళ్ళు

జాలరిపేట ఇసకలో
మూడు కాళ్ళ మీద నిలబడిందట పెట్టె.
ఒక కాలు దిగబడిపోతుంటే
కింద పెంకుముక్క పెట్టింది నేనేరా, అనేవాడు
మా చినతాత తెడ్డు పరసయ్య.
ఆయన సినిమా జీవితం మొత్తం ఆ పెంకే.

కూర్మయ్య పడాలి. అది అతని ఉద్యోగం.
గాడిద మీంచి, నిచ్చెన మీంచి,
కవ్వళ్ళు ఎండేసిన చాప మీద జారి,
ఏడుసార్లు.
ఆరోసారి మోచేతి తోలు లేచిపోయి
"ఓలమ్మా" అన్నాడు.
పడ్డం ఫిల్ములోకి ఎక్కింది.
ఓలమ్మా ఒడ్డునే ఉండిపోయింది.

తర్వాత మాయ.
పోలీసు లాఠీ ఎత్తగానే కూర్మయ్య ఉండకూడదు.
పిడి తిప్పేవాడు చెయ్యి ఆపి
"కదిలితే చంపేస్తా!" అని అరిచాడు.
లాఠీ గాల్లో ఆగింది.
చేపలమ్మి తెరిచిన నోరు తెరిచినట్టే ఆగింది.
డాల్ఫిన్స్ నోస్ కొండకి ఎవరూ చెప్పనక్కర్లేకపోయింది.
కూర్మయ్య ఒక్కడే తాపీగా పక్కకి నడిచొచ్చి
పరసయ్యని బీడీ అడిగాడు.

మాయమైనోడికి పనేటుందిరా,
ఉండిపోనోళ్ళకే చెయ్యి నొప్పి.

మూడు నెల్లకి పూర్ణా మార్కెట్ వెనక గుడారం.
లాఠీ లేచింది, మనిషి లేడు!
కుర్చీల్లో ప్లీడర్లు ఊపిరి బిగబట్టారు.
నేల మీద మా పేట మాత్రం
ఒకళ్ళ మీద ఒకళ్ళు పడి నవ్వింది.
టిక్కెట్ల గుమస్తాకి కోపం వచ్చింది:
"ఏటర్రా నవ్వు? మనిషి మాయమైపోతే!"

"మనిషికేటి బాబూ, సముద్రాన్ని సూడండి.
ఇరగబోయిన కెరటం ఇరక్కుండానే
ఇంకో కెరటం అయిపోనాది.
ఎక్కిలొచ్చినట్టు.
మద్దిలో ఏటో కోసీసినారు."

రీలు ఏమైందో తెలీదు.
కూర్మయ్య రంగూన్ ఓడెక్కాడని కొందరు,
ఓడ మీంచి కూడా పడ్డాడని మా తాత.

చివరి రోజుల్లో బోర్లించిన తెప్ప మీద కూర్చుని
మాట మధ్యలో ఆగిపోయేవాడు.
మళ్ళీ మొదలెడితే వేరే మాట,
వేరే ఏడు, ఒక్కోసారి నాకు వేరే పేరు.
నేను కదలకుండా కూర్చునేవాణ్ణి
చెయ్యి నొప్పెట్టినా.
ఆ సందులో పక్కకొచ్చి
ఆయన్ని ఎవరు బీడీ అడిగేవారో
నాకు కనపడేది కాదు.