కాల్ బుక్కు

బిట్రగుంట లోకోషెడ్డులో నా పని
నిద్ర చెడగొట్టడం.
లాంతరొక చేత్తో, కాల్ బుక్కు చంకలో,
ఫలానా గూడ్సుకు ఫలానా డ్రైవరని
రాత్రి రెండింటికి తలుపు తలుపూ తట్టి
సంతకం పెట్టించుకుని రావడం.
పదిహేడేళ్ళు నాకు. చెప్పుల్లేవు.
పరుగు మాత్రం ఉండేది.

సాయంత్రాలు బూడిద గుంటల వెనకాల ఆట,
ఇంజన్లు కక్కిన చిట్టెం మీద, బొగ్గునుసి మీద.
ఇన్‌స్టిట్యూట్ ముందరి గడ్డి గ్రౌండు
బూట్లున్నవాళ్ళది.
మాకు దక్కిన పచ్చదనమంతా పల్లేరే.
ఆటయినాక మస్తాను సిగ్నలు దీపం కింద కూచుని
పిన్నీసుతో నా అరికాల్లో ముళ్ళు తీసేవాడు,
ముల్లుకొక తిట్టు.

ఆ ఏడు మనవాళ్ళు లండను పోయినారు.
దేశానికింకా ఏడాది నిండలేదు,
పళ్ళన్నీ రాని బిడ్డ,
అప్పుడే పరాయి గడపలో ఆట.
ఎక్కువమంది ఉత్త కాళ్ళతోనే దిగుతారంట,
చీలమండకు గుడ్డ చుట్టుకుని.
టీ కొట్లో ఆ మాట విన్న రోజు
నా కాళ్ళు నేను కడుక్కుని చూసుకున్నా,
మొదటిసారి, ఎవరివో అన్నట్టు.

కబురు మద్రాసు నుంచి రావాలి.
మెయిలు మా ఊళ్ళో ఆగి నీళ్ళు తాగుతుంది.
అది తాగేలోపల పెట్టె పెట్టెకూ పరిగెత్తితే
ఎవరో పారేసిన పేపరు దొరుకుతుంది.
మూడో నాటి రాత్రి దొరికింది.
కారప్పొడి నూనె మరక కింద
కూడబలుక్కున్నా నాలుగు లైన్లు:
ఫ్రాన్సు రెండు, మనం ఒకటి.
మనకొచ్చిన పెనాల్టీలు రెండూ పోయినాయి.
పడిన గోలు కన్నా
పడని ఆ రెండే కడుపులో తిరిగినాయి.

ఎవరికి చెప్పుకునేది?
వీధి నిండా తలుపులున్నాయి, తట్టే హక్కుంది.

డ్రైవరు పోలేరయ్య సంతకం గీకుతూ
"ఒకటన్నా కొట్టినారు గదరా" అని
చెంబు తీసుకుని పెరట్లోకి పోయాడు.
ఫైర్‌మన్ అంకయ్య పెళ్ళాం లోపల్నించే
"ఎవరబ్బయా పోయింది?" అంది.
"పెనాల్టీలక్కా, రెండు."
"అయ్యో పాపం, ఏ ఊరోళ్ళు?"
లోబో దొర పైజమా మీదనే టోపీ పెట్టుకొచ్చి
"బూట్స్" అన్నాడు, తలుపేశాడు.
మళ్ళీ తీశాడు.
"రెండూనా?"
"రెండూ దొరా."
చాలాసేపు నా లాంతరు వంక చూశాడు.
వచ్చే నెల ఇంటిల్లిపాదీ సీమకు పోతున్నారు.
తానెవరి పక్షమో
ఆ రాత్రి ఆయనకీ తెలిసినట్టు లేదు.

చివరి ఇల్లు మస్తానుది. మా గోలీ.
విన్నాడు. ఏమీ అనలేదు.
పెన్సిలు తీసుకుని
టైము గడి వదిలేసి,
నేను అంచున రాసుకున్న స్కోరు పక్కన
సంతకం పెట్టాడు.
తప్పు ఒప్పుకునేవాడి మాదిరి
మెల్లిగా, తిన్నగా, ఇంటిపేరుతో సహా.

తెల్లారి ఫోర్‌మన్ బుక్కు తిరగేశాడు.
రైల్వే ఆస్తి పాడు చేసినందుకు
నాలుగణాలు జరిమానా.
"ఈ సంతకం ఏ బండికిరా?"
బండి పేరేదీ నోటికి రాలేదు.
"లండను బండికి సార్" అన్నా.
ఇంకో రెండణాలు.

ఇప్పుడు షెడ్డు లేదు. బండ్లు నీళ్ళు తాగవు.
ఇంజన్లు తిప్పిన గుండ్రటి గుంట నిండా సర్కారు తుమ్మ.
నాకు రెండింటికి మెలకువ మాత్రం తప్పదు.
లేపాల్సిన వాళ్ళెవరూ లేరు గనక
పడుకునే ఆ రెండూ నేను కొడతా.
పన్నెండు గజాలు, చిట్టెం నేల,
ఎదురుగా మస్తాను.
ఒకటి వాడు పట్టేస్తాడు.
రెండోదానికి కాలెత్తానో లేదో
అరికాల్లో పల్లేరు కలుక్కుమంటుంది.