సముద్రం కనిపించే గది

మా బోర్డింగ్ హౌస్ నడవలో
అమ్మ చేత్తో రాసిన రేట్ల పట్టిక వేలాడేది.
ముందు గదికి వారానికి ఆరు పెన్నీలు ఎక్కువ,
సముద్రం కనిపిస్తుంది కాబట్టి.

యుద్ధం వచ్చాక
సముద్రం వైపు కిటికీ అంటే
అవతలి నుంచి ఎవడో మనల్ని చూసే కిటికీ.
నల్లగుడ్డ కప్పి, అంచులకు మేకులు కొట్టి,
అమ్మ పట్టిక దించి
ఆ ఆరు పెన్నీల మీద గీత గీసింది.
"కనిపించని దానికి డబ్బులెలా అడుగుతాం?"

నాకప్పుడు పదకొండేళ్లు.
ఇసుకలో ఆడుకున్న ఆఖరి ఆదివారం గుర్తులేదు.
అదే ఆఖరిదని ఎవరూ చెప్పలేదు మరి.
లారీల్లో ముళ్లతీగ వచ్చింది, చుట్టలు చుట్టలుగా.
ఇసుక కింద మందుపాతరలు నాటారు,
బంగాళాదుంపలు నాటినంత శ్రద్ధగా, వరసల్లో.
జాలరి గ్యాసన్ వాళ్ల కుక్కకి
ఆ వరసలు తెలియలేదు.
కిటికీ అద్దాలకు అంటించిన కాగితం పట్టీలు
ఆ రోజు పనికొచ్చాయి.

తర్వాత పియర్‌ని నడుమ కోశారు,
శత్రువు పడవ దిగి దాని మీద నడిచొస్తాడేమోనని.
పెన్నీ వేస్తే జాతకం చెప్పే యంత్రం
అవతలి ముక్క మీదే ఉండిపోయింది.
గాలి హెచ్చిన రాత్రుళ్లు
దాని గంట దానంతటదే మోగేది.
పెన్నీ వేయకుండానే ఎవరి జాతకమో చెప్పేది.
ఊరంతా పక్కల్లో పడుకుని వినేది.
పొద్దున మాంసం కొట్టు క్యూలో
ఒక్కరూ ఆ మాట ఎత్తేవారు కాదు.

ముందు గదిలోకి సెసిల్ బ్యాగ్నాల్ వచ్చాడు,
సైన్యం చీటీతో. పంతొమ్మిదేళ్లు.
పింగాణీ బట్టీల ఊరివాడు.
భోజనానికి కూర్చుంటే
ముందు ప్లేటు బోర్లించి అడుగున ముద్ర చూసేవాడు.
"ఇది మా వీధి వెనక బట్టీలో కాలిందండీ," అనేవాడు,
చుట్టం ఎదురైనట్టు.
పుట్టి బుద్ధెరిగాక సముద్రం చూడలేదట.
ఇప్పుడు రోజూ చూస్తున్నాడు,
ఇసుక బస్తాల సందులోంచి, తుపాకీ గొట్టం పొడవునా.
"ఒక్కసారి కాళ్లు తడుపుకోవాలనుంది,"
అన్నాడు అమ్మతో, ఉప్పు అందుకోమన్నంత మామూలుగా.
నలభై గజాల దూరం.
మధ్యలో ముళ్లతీగ, ఆ కింద బంగాళాదుంపలు.

వాళ్ల దళం కదిలే ముందురోజు రాత్రి
అమ్మ గ్యాసన్ తలుపు తట్టింది.
ఇద్దరికీ పదేళ్లుగా మాటల్లేవు,
ఒక పాడైన చేప విషయంలో.
పర్మిట్ ఉన్న పడవ అతనిదొక్కటే.

తెల్లారేసరికి వంటింటి మెట్ల మీద
రెండు బకెట్లు.
ఒకదాంట్లో చిన్న పీత,
పిలవని పెళ్లికి వచ్చినట్టు బిక్కుబిక్కుమంటూ.

మేం శనివారాలు స్నానం చేసే రేకు తొట్టిలో
అమ్మ ఆ నీళ్లు పోసింది.
"కాస్త వేడి చేయనా?" అని కూడా అడిగింది.
అతను బూట్లు విప్పాడు, మేజోళ్లు విప్పాడు,
ప్యాంటు మోకాళ్లదాకా మడిచాడు.
బట్టీ పొగలో పెరిగిన పాదాలు
ఇంకా కాల్చని మట్టిలా తెల్లగా ఉన్నాయి.
అమ్మ నన్ను అటు తిరగమంది, ఎందుకో.
నేను తిరగలేదు.
చాలాసేపు అతనేమీ అనలేదు.
వేలు ముంచి నాలుక మీద పెట్టుకున్నాడు.
"నిజమే," అన్నాడు.
బయట లారీ హారన్ కొట్టింది.

పీతని గ్యాసన్ జేబురుమాలులో చుట్టుకుపోయాడు.
నీళ్లు మాత్రం అమ్మ పారబోయలేదు.
రెండు శనివారాలు మాకు స్నానం లేదు.
చివరికి తొట్టి ఆరాక
లోపలి అంచు చుట్టూ తెల్లటి గీత మిగిలింది.

ఉత్తరం రాస్తానన్నాడు.
రాకపోవడానికి వంద కారణాలుంటాయి.
అమ్మ సోమవారానికొకటి చెప్పేది,
బట్టలు ఆరేస్తూ, నోట్లో క్లిప్పులతో.

ఇసుక మళ్లీ మాకిచ్చిన చాలా ఏళ్లకు
ఆమె లెక్కల పుస్తకం దొరికింది.
బ్యాగ్నాల్, సి. పదిహేడు వారాలు. సైన్యం ఖాతా.
గుడ్డు, అదనం, ఒకటి.
దాని కింద పెన్సిల్‌తో:
సముద్రం, రెండు బకెట్లు.
ఎదురుగా ఏదో అంకె వేసి
రబ్బరుతో తుడిచేసింది.
ఎంతో కళ్లకు ఆనడం లేదు.
వేలికి మాత్రం తగులుతోంది.