యుద్ధం: తొమ్మిది నుంచి పన్నెండేళ్ల వారికి

నలభై ఎనిమిది పేజీలిచ్చారు నాకు.
వాక్యానికి ఎనిమిది మాటలు దాటకూడదట,
నెత్తురు ఎక్కడా ఎర్రగా ఉండకూడదట,
ప్రతి అధ్యాయం చివరా "మీకు తెలుసా?" అంటూ
పసుప్పచ్చని డబ్బా ఒకటి.

విశాఖపట్నానికి పదకొండో పేజీలో సగం.
మిగతా సగం బొమ్మకి:
మూడు విమానాలు, డాల్ఫిన్ కొండ,
మరీ నీలంగా సముద్రం.
ఏప్రిల్లో మన సముద్రం ఆ రంగులో ఉండదంటే
పిల్లలకి అలాగే నచ్చుతుందన్నాడు బొమ్మలాయన.

ద్వారకానగర్ లైబ్రరీలో వారం కూర్చున్నాను.
నలభై రెండు, ఏప్రిల్ ఆరు. హార్బరు మీద బాంబులు.
పోయినవాళ్లు ఒక పుస్తకంలో ఒక లెక్క,
ఇంకో పుస్తకంలో ఇంకో లెక్క.
పేర్లు నాకు దొరకలేదు.
"ఊరు ఖాళీ అయింది" అని రాశాను.
మూడు మాటలు.
ఎడిటరు పక్కన టిక్కు పెట్టింది.

ఆ మూడు మాటలూ సంచిలో వేసుకుని
ఓ మధ్యాహ్నం పెదజాలరిపేట వెళ్లాను.
తెడ్డు పరదేశమ్మ అప్పటికి ఏడేళ్ల గుంట.
ఇప్పుడు మనవరాలి అరుగు మీద కాళ్లు చాపుకుని
నిప్పు నోట్లోకి తిప్పి అడ్డపొగ పీలుస్తోంది.

"కాలీ అవడానికి ఊరేటమ్మా, డబ్బానా?
మాయమ్మ ఇసక మీద కవ్వళ్లు ఎండేసింది.
రెండు గంపలు.
పైన మోత లెగిసింది.
మాయమ్మ సెయ్యెత్తి అదిలించింది,
హుష్, హుష్ అని.
కాకులనుకుంది ఇమానాల్ని."

నవ్వింది. ముక్కులోంచి పొగ వచ్చింది.
నవ్వొచ్చో లేదో తెలీక
నేను పెన్ను మూత పెట్టి, మళ్లీ తీశాను.

"సింహాచలం దాకా నడిసినాం.
ఎనిమిదో నాడు తిరిగొచ్చినాం.
సేపలు నేవు. కుక్కలు మా బాగా బలిసున్నాయి.
మాయయ్య ఆ పొద్దు హార్బర్లో కూలికెల్లినాడు."

చుట్ట తీసి నుసి రాల్చింది.
ఆ తరవాతి వాక్యం చెప్పలేదు.
నేను అడగలేదు.

"నాన్న సంగతి వద్దు," ఎడిటరు రాసింది,
"ఈ వయసుకి బరువు. కుక్కలూ వద్దు.
హుష్ హుష్ బాగుంది, ఉంచండి."

అల్లిపురం మున్సిపల్ స్కూల్లో ఆరో తరగతికి
ప్రూఫు చదివి వినిపించాను.
పైన నేవీ విమానం ఒకటి పోతోంది,
ఒక్కరూ తలెత్తలేదు, రోజూ ఉండేదే.
బీచిలో సబ్‌మెరైన్ చూశాం మేడమ్, అన్నాడొకడు,
లోపల వంటిల్లు కూడా ఉంది మేడమ్.
హుష్ హుష్ దగ్గర అందరూ విరగబడి నవ్వారు.

మూడో బెంచీలో లిఖిత నవ్వలేదు.
"మరి వెళ్లిపోయాయా?"
"ఏవి?"
"ఆవిడ అదిలిస్తే."
"ఆఖరికి వెళ్లాయమ్మా."
"చేపల కోసం రాలేదు కదా?"
"లేదు."
"మరెందుకొచ్చాయి?"
నలభై ఎనిమిది పేజీలూ నా చేతిలోనే ఉన్నాయి.
అటూ ఇటూ తిప్పాను.
భోజనం గంట కొట్టారు.

రేపు పొద్దున్న ప్రెస్సుకి వెళ్లాలి.
పసుప్పచ్చని డబ్బా ఇంకా ఖాళీ.
"విమానాలను కాకులనుకుని ఇసుక మీద
చెయ్యెత్తి అదిలించింది ఒక అమ్మ."
సరిగ్గా ఎనిమిది.
అప్పుడు గుర్తొచ్చింది, పేరడగలేదని.

రాత్రి తొమ్మిదింటికి మనవరాలికి ఫోను చేశాను.
టీవీ మోత, దాని వెనక కెరటాల మోత.
"మామ్మా, నీ అమ్మ పేరేటని అడుగుతున్నారు!"
చాలాసేపు ఏమీ వినపడలేదు.
తర్వాత ఎవరినో వీధి చివరి నుంచి
అన్నానికి పిలుస్తున్నట్టు,
"ఎర్రయ్యమ్మా!" అంది పరదేశమ్మ.

కలిపాను.
తొమ్మిది మాటలయ్యాయి.
ఎడిటరు లెక్కపెట్టుకోనీ.