ఎరుపు తెల్వనోని మిక్సర్

నాకు ఎరుపు తెల్వది.
పచ్చ గూడ తెల్వది.
రెండూ ఒక్కతీరే, ఎండిన మోదుగాకు తీరు.

ఈ సంగతి ముందుగాల పట్టుకున్నది
ఎనుమాముల మార్కెట్ల సేటు గుమాస్త.
పదమూడేండ్లోణ్ణి. మిర్చి ఏరనీకి కూసుండి
పచ్చికాయ, పండుకాయ ఒక్క కుప్పల ఏసిన.
"కండ్లున్నయార నీకు?"
ఆ దినం కూలి ఇయ్యలే.

ఇప్పుడు రాత్రి రెండు, దేశాయిపేట రూముల
పాత ల్యాప్‌టాప్ ముందల
మిక్సర్ బొమ్మను ఇప్పుకుంట కూసున్న.

స్కిన్ అంటరు దీన్ని.
మా తాత తోలు అనెటోడు.
మంటకు కాపి, ఏలుతోని కొట్టి సూసి, మల్ల కాపెటోడు.
నేను ఒక్కో అంకె మార్చి, సేవ్ కొట్టి, మల్ల తెరుస్తున్న.

సైరన్ బటన్ తీసేసిన. తుపాకి బటన్ తీసేసిన.
నాలుగు డెక్కులు దేనికి, ఉన్నయి రెండే చేతులు.
అడ్డం జారే ఫేడర్‌ను బొటనేలంత లావు చేసిన,
పరకాల బరాత్‌ల, టాటా ఏస్ మీద,
గుంత గుంతకు మౌస్ ఎక్కడెక్కడికో పోయింది.

మీటర్ కాడికొచ్చి ఆగిన.
పచ్చ, పసుపు, ఎరుపు: అందరికి మూడు మెట్లు.
నాకు నిలువునా ఒకటే గోడ.
మొన్న హసన్‌పర్తి పెండ్లిల ఎస్సై కిందికెల్లి ఒర్లిండు,
"ఎరుపు దాటినంక గూడ పెంచుతవేందిర!"
దాటిందని వాసనొచ్చినంక తెల్సింది.
అప్పటికే స్పీకర్ కాలింది.

ఎరుపును ఎన్నడు సూడలే గని
దాని నంబర్ తెల్సు నాకు.
ఎఫ్, ఎఫ్, ఎనుక నాలుగు సున్నలు.
తుడిపేసిన.
కింద నీలం పెట్టిన, మీద తెలుపు.
తెలుపు తాకితే తగ్గియ్యాలె, గంతే.

అమ్మ నీళ్లకు లేచింది.
మిర్చి మంట పోని ఏళ్లు దూరంగ పట్టుకొని
స్క్రీన్ దిక్కు సూసి
"దవాఖాన లెక్కున్నది" అన్నది.

కూలి పోయిన ఆ దినం
బస్తాల సాటుకు తీస్కపోయి
ఈమెనే నా చెవికాడ కాయ ఊపింది.
"సూడకు, ఇను.
గలగలంటే ఎండినట్టు. మూగగుంటే పచ్చిది."

హెడ్‌ఫోన్ ఒక పక్క నా చెవికి,
ఇంకో పక్క ఆమె చెవికి పెట్టిన.
బాస్ లేపిన. తెలుపు ఇంక శానా దూరమున్నది.

జరసేపు ఇని,
"పచ్చిగున్నది కొమ్రెల్లీ" అన్నది,
సెంబు పట్టుకొని పోయింది.

మీటర్ సూడకుంట
ఒక్క గీత తగ్గిచ్చిన.