పదకొండు మిల్లీమీటర్ల గడి

త్రియెస్తెలో, రేవు వెనక వీధిలో, మూడో అంతస్తులో
ఏటా ఒక లావుపాటి పుస్తకం తయారవుతుంది.
అందులో బహుమతుల పట్టిక దిద్దేది నేను.
పేరు, ఏడు, దేనికి, ఏ దేశం.
నాలుగో గడి అన్నిటికన్నా ఇరుకు,
పదకొండు మిల్లీమీటర్లు.
ఒక్క మాటే పడుతుంది.

ఆ ఏడు జలశాస్త్రం బహుమతి జోరా మాకుత్స్‌ది.
పుట్టినప్పుడు ఆ ఊరు ఇటలీ.
జోరా అంటే తెల్లవారుజాము అని తల్లి చెబితే
గుమాస్తా ఆ తెల్లవారుజామునే తన భాషలోకి తిప్పి
అవురోరా అని రాసుకున్నాడు.
ఎక్కాలు పూర్తయ్యేసరికి యుగోస్లావియా.
ఊరు కదల్లేదు. బడిగోడ మీద
ఒక పటం దిగి ఇంకో పటం ఎక్కింది,
మేకు మాత్రం పాతదే.
ఇప్పుడా ఊరు స్లొవేనియా.
పై చదువు ఫ్రాన్స్.
జీతం, పాస్‌పోర్టు, మొగుడు, మోకాలి ఆపరేషన్ కెనడా.

ప్రకటన వచ్చిన మర్నాడే నాలుగు ఫోన్లు.
ఒకరు పుట్టుకచీటీ చదివి వినిపించారు.
ఒకరు ఆమె బామ్మ సమాధికి దారి చెప్పారు.
రంగు కొన్న రసీదు ఎవరి పేరున ఉందో చూడమన్నారు ఇంకొకరు.
పన్ను ఎక్కడ కడుతోందో కనుక్కోమని
కెనడా మర్యాదగా అడిగింది.
పుట్టింటివాళ్ళూ మెట్టినింటివాళ్ళూ పీటలెక్కి కూర్చుంటే
పెళ్ళికూతురు ఎక్కడ కూర్చోవాలి?
వీసా కోసం ఆమె వరసలో నిలబడ్డ రోజుల్లో
వీళ్ళెవరూ కుర్చీ వెయ్యలేదు.

ఇంతకీ ఆమె చేసిన పని:
మా వెనక రాతికొండల్లో ఒక నది ఉంది, పేరు రేకా.
గుహ నోట్లో పడి మాయమవుతుంది.
కంచె కిందుగా, ఎవరికీ కాగితం చూపించకుండా,
సముద్రం దగ్గర తిమావో అనే పేరుతో పైకొస్తుంది.
రెండూ ఒకటేనని జనం ఎప్పటినుంచో అంటున్నదే.
ఎన్ని గంటలకు వస్తుంది, దారిలో ఎక్కడ కునుకు తీస్తుంది,
ఎవరెవరి బావుల్లోకి తొంగిచూస్తుంది,
అది ఆమె లెక్కకట్టింది.
నీళ్ళలో పడితే పచ్చగా మారే ఎర్రపొడి
ఒక అక్టోబరు రాత్రి గుహలో కుమ్మరించి.

ఆమెనే అడుగుదామని ఉత్తరం రాశాను.
కార్డు ముక్క వచ్చింది:

"అయ్యా, పొడి కుమ్మరించింది నేను.
అవతలి గట్టుకు రావడానికి నాకు వీసా లేదు.
అక్కడ దుప్పట్లు ఉతుక్కుంటున్న పెపీనా
నీళ్ళు పచ్చబడటం చూసి శిలువ గుర్తు వేసుకుందట,
కేక పెట్టిందట, అయినా గడియారం చూసిందట.
చర్చిగంట నాలుగుంబావు.
ఆ నాలుగుంబావు లేకపోతే నా లెక్క లేదు.
పాడైన దుప్పట్లకు నేనింకా బాకీ.
గడిలో ఏం రాస్తారో మీ ఇష్టం.
పెపీనా ఇంటిపేరు దొరికితే మాత్రం చెప్పండి."

రెండు ఆదివారాలు తిరిగాను. దొరకలేదు.
శుక్రవారం అచ్చు గడువు.
యుగోస్లావియా గడి దాటి బయటికి కాళ్ళు చాపింది.
స్లొవేనియా గీతను ఒరుసుకుంది. ఫ్రాన్స్ కూడా కొంచెం బిగువే.
ఇటలీ పట్టింది, కెనడా పట్టింది.
కింది వరసలో కెనడా అప్పటికే ఉంది,
ఒకదాని కింద ఒకటి అదే మాట బాగుండదని
ఇటలీ పెట్టాను.
నిజం చెబుతున్నాను. అంతకన్నా పెద్ద కారణమేం లేదు.

మూడు దేశాల నుంచి నిరసనలు వచ్చాయి.
ఒక దేశం నుంచి పూలగుత్తి.
ఆమె నుంచి చిన్న సీసా, అందులో ఎర్రపొడి,
ఉత్తరం ముక్కయినా లేదు.

చిటికెడు ఆఫీసు సింకులో వేసి కుళాయి తిప్పి
మూడంతస్తులూ పరిగెత్తి దిగి
రేవుగట్టున వాచీ చూసుకుంటూ నిలబడ్డాను.
చీకటి పడింది. నీళ్ళు నల్లగానే ఉన్నాయి.
గాలం వేసుకు కూచున్న ముసలాయన
ఏం పోగొట్టుకున్నావన్నాడు.

పెపీనా అని, దుప్పట్లు ఉతికే మనిషి, తెలుసా? అన్నాను.

గాలం పైకి లాగి, ఎర సరిచేసుకుని,
"ఏ ఊరి పెపీనా?" అన్నాడు.